ఎనిమిది బీటల గోడ

2000వ సంవత్సరం, జూన్ 17, శనివారం. ఉదయం ఏడు గంటల నలభై నిమిషాలు. రాత్రి రెండుంబావుకు మొదలైన వాన నాలుగున్నరకు ఆగింది. మబ్బు విడలేదు, గాలి బొత్తిగా లేదు. మాణిక్యాంబ గొడుగు ముడిచి, గోడను ఆ చివర నుంచి ఈ చివరకు ఒకసారి చూసింది. రెండోసారి చూడవలసిన అవసరం కలగలేదు.

నూట తొంభై రెండు అడుగుల పొడవున్న ప్రహరీ గోడ అది. వానకు తడిసి నల్లబడింది. ఆ నలుపు మీద ఎనిమిది చోట్ల, పైనుంచి కిందికి, చేతి వెడల్పున లేతబూడిద రంగు చారలు తేలాయి. మాణిక్యాంబ ఒక చారను వేలితో రుద్దింది. ఇసుక రాలింది. ఆరకముందే వానకు చిక్కిన కొత్త సిమెంటు అది.

"ఎవరు పూశారండీ దీన్ని?"

"నిన్న నాలుగింటికి ఇద్దరొచ్చారమ్మగారూ," అంది ఏసమ్మ. "మిల్లు వైపు నుంచి నిచ్చెనేసుకుని ఇటు దిగారు. ఏంటయ్యా, నా తోటలోకి నన్నడక్కుండా దిగుతున్నారంటే, 'రేపు కోర్టువారు చూడ్డానికొస్తున్నారు కదా పిన్నిగారూ, గోడకి కాస్త పౌడరు రాస్తన్నాం' అన్నారు. పెళ్ళిచూపులంట దీనికి!"

ఆమె ఉమ్మేసినంత పని చేసి, ఆగి, పైట చెంగుతో నోరు తుడుచుకుంది. ఏసమ్మకు అరవై ఎనిమిదేళ్ళు. ముప్పై ఏళ్ళు మిషన్ బడిలో ఆడపిల్లలకు కుట్టుపని నేర్పింది. ఇప్పుడు కూడా మెడలో కొలతల టేపు లేనిదే ఇల్లు కదలదు. మండపేటకు ఆరు మైళ్ళ ఇవతల, కాలవ గట్టుకు దగ్గరలో, నలభై రెండు సెంట్ల ఈ కొబ్బరి తోట ఒక్కటే ఆమెకున్న ఆస్తి. తోటకు తూర్పున బుల్లియ్యగారి రైసు మిల్లు. రెంటికీ మధ్య ఈ గోడ. గోడ లేచిన తర్వాత ఏసమ్మ తోట ముప్పై ఏడు సెంట్లయింది. పోయిన అయిదు సెంట్లలోనే కాలవ గట్టుకు వెళ్ళే బండి దారి ఉంది. ఇప్పుడు ఆమె తన తోటకు పక్కవారి వరిగట్టు మీదుగా, వారి దయ మీద నడిచి వస్తున్నది. దారి లేని తోటలో కాయ దింపినా బయటికి పోదు. ఆ సంగతి బుల్లియ్యకు తెలుసు కనుకనే మిగిలిన తోట కూడా తనకే అమ్మమని మూడుసార్లు మనిషిని పంపాడు.

మాణిక్యాంబకు యాభై ఆరేళ్ళు. ఒక సర్వే ఆఫీసులో ఇరవై ఒక్క సంవత్సరాలు పటాలు గీసి, ఒక తప్పుడు పటం మీద సంతకం పెట్టనని ఉద్యోగం వదిలేసి, ఏడేళ్ళుగా రాజమండ్రి ప్లీడర్లకు భూమి తగాదాల్లో నిజం తవ్వి ఇస్తున్నది. ఏసమ్మ ప్లీడరు ఆ వారం పచ్చకామెర్లతో పడుకున్నాడు. ఆయన ఇచ్చిన అధికార పత్రం మాణిక్యాంబ సంచిలో ఉంది. ఆమెకు కోపం వస్తే గొంతు తగ్గుతుంది. ఆ ఉదయం ఆమె మాట ఏసమ్మకు కూడా సరిగ్గా వినపడటం లేదు.

"టేపు చివర పట్టుకోండి," అంది.

గోడ ఉత్తరపు చివర నుంచి మొదటి చార పన్నెండు అడుగులు. రెండోది ముప్పై ఆరు. మూడోది అరవై. తర్వాత ఎనభై నాలుగు, నూట ఎనిమిది, ఆపైన కూడా అదే ఎడం. ఎనిమిదో చార నూట ఎనభై దగ్గర. అంగుళం కూడా తేడా రాలేదు.

"మీ తోటలో చెట్టుకూ చెట్టుకూ ఎంత దూరం?"

"ఇరవై నాలుగు అడుగులండి. హద్దు గట్టు నుంచి మొదటి చెట్టుకి పన్నెండు. మా ఆయన నాటితే తాడు రెండో కొస పట్టుకున్నది నేనే. పక్కోడూ గట్టుకి అంతే ఎడంగా నాటుకుంటాడు కదండీ, అప్పుడు వాడి చెట్టుకీ మన చెట్టుకీ కూడా ఇరవై నాలుగే వస్తుంది. ఎవడి మట్ట ఎవడి నెత్తినా పడదు."

"గోడకు దగ్గరగా ఇప్పుడు నిలబడి ఉన్న వరస నుంచి గోడకెంత?"

ఏసమ్మ కొలిచి చూసి ఆగిపోయింది. "ఇరవై నాలుగు." ఆమె వెనక్కి తిరిగి చెట్లను, ముందుకు తిరిగి గోడను చూసింది. "అమ్మగారూ! అంటే ఈ గోడ..."

"మీ అంచు వరస చెట్లు ఎక్కడుండేవో సరిగ్గా అక్కడే ఉంది."

ఇంతవరకు తెలిసింది ఇది. 1996 నవంబరు 6 సాయంత్రం వచ్చిన తుఫానులో ఏసమ్మ అంచు వరస ఎనిమిది చెట్లూ నడుముకు విరిగి పడిపోయాయి. ఇంటి కప్పు లేచిపోయింది. డిసెంబరులో ఆమె మొగల్తూరులో ఉన్న చెల్లెలి ఇంటికి వెళ్ళి ఏడు నెలలు ఉంది. తిరిగి వచ్చేసరికి గోడ ఉంది. సర్వే చేయించి జరిపిస్తానని బుల్లియ్య ఒక ఏడాది, పెద్దమనుషులు చెబుతారని ఇంకో ఎనిమిది నెలలు గడిపాడు. 1999 మార్చిలో ఆమె దావా వేసింది. అప్పుడు బుల్లియ్య తన జవాబులో రాసిన మాట ఇది: గోడ 1986 డిసెంబరులో, ఆ ఏటి గోదావరి వరద తీసిన తర్వాత కట్టినది. ఇంకొకరి భూమినైనా సరే, పన్నెండేళ్ళు బహిరంగంగా, ఎవరూ అడ్డు చెప్పకుండా అనుభవిస్తే అసలు యజమాని హక్కు పోతుంది. 1986 డిసెంబరు నుంచి 1999 మార్చికి పన్నెండేళ్ళ మూడు నెలలు. గోడ కట్టిన మేస్త్రి అఫిడవిట్టు, గ్రామాధికారి ధ్రువపత్రం జత చేశారు.

కనుక తగాదా భూమి ఎవరిదన్నది కాదు. గోడ ఎప్పటిదన్నది. గోడను కొలిచి, దాని స్థితి రాసుకురమ్మని కోర్టు ఒక అడ్వకేటును కమిషనరుగా పంపుతున్నది. నివేదిక సోమవారం దాఖలు కావాలి. కమిషనరును పంపే ఈ వారంటు రెండోసారి ఇవ్వనని జడ్జి ఉత్తర్వులోనే రాశారు.

మాణిక్యాంబ తన నోటు పుస్తకంలో ఎనిమిది అంకెలు రాసి, కింద ఒక వాక్యం చేర్చింది: "బీటలు దాచబోయి, ఎక్కడున్నాయో గీతలు గీసి చూపించారు."

*

తొమ్మిది గంటల అయిదు నిమిషాలకు మిల్లు గేటు వైపు నుంచి నలుగురు చుట్టూ తిరిగి వచ్చారు. ముందు కమిషనరు శ్రీదుర్గ. ప్రాక్టీసు పెట్టి మూడేళ్ళయిన పిల్ల, ఇదే ఆమె మొదటి వారంటు, చెప్పులు అప్పుడే బురద పట్టాయి. వెనక బుల్లియ్య, తెల్ల పంచె చేత్తో ఎత్తి పట్టుకుని. ఆయన పక్కన ప్లీడరు సత్యప్రసాద్. అందరికన్నా వెనక తాపీ మేస్త్రి సత్తియ్య, తల వంచుకుని.

"నమస్కారమండీ మాణిక్యాంబగారూ!" అన్నాడు సత్యప్రసాద్. "సర్వే ఆఫీసు వదిలినా టేపు వదల్లేదన్నమాట. ఏం కొలుస్తున్నారేంటి పొద్దున్నే?"

"మీ జవాబు దావా పొడుగండి."

"ఎంతొచ్చింది?"

"పన్నెండేళ్ళ మూడు నెలలు. ఏసమ్మగారు జాకెట్టు గుడ్డ కూడా అంత సరిగ్గా కత్తిరించలేరు. ఎంత కావాలో అంతే కోశారు."

సత్యప్రసాద్ నవ్వాడు. ఏడేళ్ళుగా ఆ ప్రాంతపు కోర్టుల్లో వీరిద్దరూ ఎదురుపడినప్పుడల్లా ఆయన నవ్వుతూనే ఉన్నాడు. అయిదు దావాల్లో మూడు ఆయన గెలిచాడు. ఆ మూడింటిలో ఓడినవారి పేర్లు మాణిక్యాంబకు కంఠతా వచ్చు.

శ్రీదుర్గ వారంటు పైకి చదివి, కొలతలు తీయించింది. ఎనిమిది చారలను నమోదు చేసింది. "వీటి గురించి ఏమైనా చెబుతారా?" అని అడిగింది.

"పాత గోడండి మేడం. పద్నాలుగేళ్ళవుతోంది. బీటలివ్వదా?" అన్నాడు బుల్లియ్య.

"మేస్త్రి ఇక్కడే ఉన్నాడు," అంది మాణిక్యాంబ. "గోడ గురించి రెండు మాటలు అడగవచ్చాండీ?"

"వారి మాటలు నా రిపోర్టులోకి రావు. కావాలంటే అడగండి," అంది శ్రీదుర్గ సందేహంగా, సత్యప్రసాద్ వైపు చూస్తూ.

"అడగనివ్వండి మేడం," అన్నాడాయన. "మా సాక్షి నిప్పు."

మాణిక్యాంబ సత్తియ్యకు రెండడుగుల దూరంలో నిలబడింది.

"గోడ పని ఎప్పుడు మొదలెట్టావు సత్తియ్యా?"

"ఎనభై ఆరు డిసెంబరు నాలుగండి. గురువారం."

"ఎన్నాళ్ళు పట్టింది?"

"పన్నెండు రోజులండి. పదిహేనో తారీకు సాయంత్రం అయిదింటికి చెయ్యి కడుక్కున్నానండి."

"పొద్దున్న ఎన్నింటికి దిగేవాడివి?"

"ఎనిమిదింటికండి. పన్నెండింటికి అన్నం. మళ్ళీ ఒంటిగంటకండి."

"నీ పెళ్ళెప్పుడయింది?"

సత్తియ్య బిత్తరపోయాడు. "పెళ్ళాండీ? అదేనండీ... ఆ పెద్ద గాలివానొచ్చిన ఏడు... కాదండి, దానికి ముందేడో."

"తారీకు?"

"మాకు తారీకులెక్కడియ్యండి, మా ఆవిడికి తెలుస్తదేమో."

"సొంత పెళ్ళి ఏ ఏడో తెలియదు. పరాయి గోడకు ఎన్నింటికి చెయ్యి కడుక్కున్నాడో తెలుసు," అంది మాణిక్యాంబ, ఎవరితోనూ కాకుండా.

"పని మీద శ్రద్ధ ఉన్న మనిషండి," అన్నాడు సత్యప్రసాద్.

"శ్రద్ధా?" ఆమె గొంతు ఇంకా తగ్గింది. గోడ దగ్గరికి వెళ్ళి, గొడుగు ములికితో రెండో చార మీద పొడిచింది. పూత పెళ్ళగా ఊడి పడింది. లోపల చిటికెనవేలు దూరేంత బీట. "చూడండి మేడం. ఇరవై నాలుగు అడుగులకొక బీట. ప్రతి బీట దగ్గరా గోడ రెండంగుళాలు దిగింది. పద్నాలుగేళ్ళకే ఇలా తయారైందంటే, కట్టినవాడికి తాపీ పట్టుకోవడం రాదన్నమాట. సున్నం కలపడం కూడా రానివాడి చేత బుల్లియ్యగారు ప్రహరీ కట్టించుకున్నారు. మండపేటలో మంచి మేస్త్రులే దొరకలేదు కాబోలు."

సత్తియ్య మొహం ఎర్రబడింది.

"ఎవరికండీ తాపీ పట్టుకోవడం రానిది?"

"నీకే."

"చుట్టుపక్కల పదకొండు మిల్లులకి పొగగొట్టాలు కట్టిన చెయ్యండి ఇది! మొన్న తుఫానుకి ఊళ్ళో చెట్లు పోయాయి, కరెంటు స్తంభాలు పోయాయి, నా గొట్టం ఒక్కటి వాలిందేమో వెళ్ళి చూసి రండి!"

"మరి ఇదెందుకు బీటలిచ్చింది?"

"సత్తియ్యా, చాలు," అన్నాడు సత్యప్రసాద్.

"చాలేంటండి? నా చేతిపనికి వంకెడుతుంటే చాలంటారేంటి? కింద కొబ్బరి మొదళ్ళెట్టుకుని కడితే ఆ బ్రహ్మ కట్టినా బీటలిస్తదండి! నేను చెప్పాను. బాబూ, మొదళ్ళు తవ్వించెయ్యండి, తాడి మొదలైతే రాయిలా ఉండిపోద్ది, కొబ్బరిది అలా కాదు, తడినేలలో నాలుగేళ్ళకి పిండైపోద్దని చెప్పాను. విన్నారా? 'చెట్టన్నాక చెట్టే, ఒక్కో మొదలుకి ఇద్దరు కూలీలెందుకు, కోసేసి పైనుంచి లాగించెయ్' అన్నారు. ఇప్పుడు నా చెయ్యి చెడ్డదయిందా?"

మాణిక్యాంబ గొడుగు ములికి బీటలోంచి లాగింది.

"నాలుగేళ్ళకి," అంది మాణిక్యాంబ.

"ఒరే సత్తియ్యా!" అన్నాడు బుల్లియ్య. ఎత్తి పట్టుకున్న పంచె చెయ్యి జారి బురదలో పడింది.

వరి తప్ప మరొకటి ఎరగని కుటుంబం బుల్లియ్యది. ఆయన ఇంటి దూలాలు తాటివి, తాత కాలం నుంచి చెక్కుచెదరలేదు. ఆయన దృష్టిలో నేలలో పాతుకున్న మాను ఏదైనా మానే. ఆ తోటలోనే పుట్టిన ఏ కొబ్బరి రైతూ ఈ పొరపాటు చెయ్యడు.

*

సత్యప్రసాద్‌కు తేరుకోవడానికి పావు నిమిషం కూడా పట్టలేదు.

"మొదళ్ళున్నాయే అనుకుందాం. ఎనభై ఆరు వరదలో చెట్లు పోలేదా? అప్పుడు పడిన చెట్ల మీద అప్పుడే కట్టారు. ఎవరి చెట్లైతేనేం? పన్నెండేళ్ళు దాటింది. ఇందులో మాకొచ్చిన నష్టమేంటి?"

"ఏ ఏటి మొదళ్ళో తవ్వితే తెలుస్తుంది," అంది మాణిక్యాంబ.

"తవ్వడమా?" ఆయన శ్రీదుర్గ వైపు తిరిగాడు. నవ్వు పోయింది. "మేడం, కమిషనరు పని ఉన్నది ఉన్నట్టు కొలిచి రాయడం. ఒక పార్టీ కోసం సాక్ష్యం పోగుచెయ్యడం కాదు. గునపం నేలకి తగిలిన మరుక్షణం నా అభ్యంతరం కోర్టులో ఉంటుంది. మీ మొదటి రిపోర్టే కొట్టేశారనిపించుకుంటారా? రేపు ఇదే బార్‌లో, మా మధ్యే కదమ్మా మీరు ప్రాక్టీసు చేసుకోవలసింది?"

శ్రీదుర్గ వారంటు కాగితాలు మడిచింది. ఆమె మాణిక్యాంబ వైపు చూసింది. మాణిక్యాంబ తల తిప్పుకుంది. నచ్చజెప్పి తవ్విస్తే అది తన గెలుపవుతుంది, కమిషనరు నిర్ణయం కాదు. రేపు ఎవరూ విరగ్గొట్టలేనిది కమిషనరు నిర్ణయమే.

ఏసమ్మ మాత్రం ఊరుకోలేదు. "ఏంటండి ప్లీడరుగారూ, ఆడపిల్లని బెదిరిస్తారేంటి? మీరు మాట్లాడుతుంటే మా బడిలో దొంగతనం చేసి దొరికిన పిల్ల గుర్తొస్తందండి నాకు. అదీ ఇంతే, ముందు టీచర్నే తిట్టేది."

శ్రీదుర్గ వారంటు విప్పి మళ్ళీ చదివింది. ఒక వరుస దగ్గర ఆమె వేలు ఆగింది.

"సార్. 'గోడ పొడవు, ఎత్తు, పునాది లోతు నమోదు చేయవలెను' అని ఉందండి ఇందులో. పునాది లోతు పైనుంచి కొలవడం నాకు రాదు. మీకు వస్తే చెప్పండి. లేకపోతే ఒక చోట రెండడుగుల గుంట తవ్విస్తాను." ఒక క్షణం ఆగి, "మీ అభ్యంతరం కూడా రాసుకుంటాను. టైము తొమ్మిది నలభై ఆరు," అంది.

మాణిక్యాంబ సంచిలోంచి అంటించిన కవరు తీసి శ్రీదుర్గకు ఇచ్చింది. "ఇందులో ఏసమ్మగారి కాగితం ఒకటి ఉంది. తవ్వి, చూసి, చూసింది మీ చేత్తో రాసిన తర్వాతే విప్పండి. సత్యప్రసాద్‌గారూ, ఎనిమిదిలో ఎక్కడ తవ్వాలో మీరే చెప్పండి. రేపు నేను ముందే ఏదో పెట్టానంటారేమో."

"మూడోది," అన్నాడాయన, పళ్ళ మధ్య నుంచి.

మిల్లు కూలీ ఒకడు గునపం తెచ్చాడు. సత్తియ్య దాన్ని లాక్కున్నాడు. "పునాది నాది. తెలియనోడు పొడిస్తే గోడ మీద పడతది. నేను తవ్వుతాను."

"నువ్వు తవ్వితే రేపటి నుంచి నీకు ఈ చుట్టుపక్కల పని ఉండదు," అన్నాడు బుల్లియ్య.

"చేతకాని మేస్త్రికి పనెలాగూ ఉండదు కదండీ," అన్నాడు సత్తియ్య, గునపం దింపుతూ.

తొమ్మిది యాభై రెండుకు మొదలైంది. గోడ కట్టినప్పుడు రెండు పక్కలా ఎత్తి తొక్కించిన మన్ను అడుగున్నర దాకా వచ్చింది. దాని కింద పాత నేల, నల్లరేగడి. పది గంటల పద్దెనిమిది నిమిషాలకు గునపం దేన్నో గుచ్చి, లోపలికి దూసుకుపోయింది. సత్తియ్య గునపం పక్కన పెట్టి చేతులతో మన్ను తీశాడు. పునాది ఇటుకల కింద, సరిగ్గా బీట కింద, జానెడు ఎత్తున కోసిన కొబ్బరి మొదలు. లోపలి గుజ్జంతా కుళ్ళి డొల్లయింది. బయటి పెంకు మాత్రం నిలిచింది. గోడ బరువుకు ఒక పక్క నొక్కుకుపోయింది. నిలిచిన పక్క మీద, వేర్లకు బెత్తెడు ఎత్తులో, నల్లగా ఏదో పూత.

"నీళ్ళు," అంది శ్రీదుర్గ.

ఏసమ్మ చెంబుతో నీళ్ళు తెచ్చింది. కమిషనరు గుంటలో మోకాళ్ళ మీద కూర్చుని, జేబురుమాలు తడిపి తుడిచింది. తారు. తారు పూసిన చోట పెంకు కుళ్ళలేదు. మూడు అంకెలు, ఒక్కొక్కటి అరచేయంత.

ఆరు, ఒకటి, మూడు.

ఆమె గుంటలోనే రాసుకుంది. టైము వేసింది. పైకి వచ్చి, బురద చేతులతోనే కవరు చింపింది. లోపల నాలుగు మడతల చీటీ. ఆమె పైకి చదివింది.

"తుఫానుకు పడిపోయిన కొబ్బరి చెట్ల గణన. ఆసామీ: ఏసమ్మ. తూర్పు గట్టు వరస. విరిగిన చెట్లు ఎనిమిది. మొదళ్ళపై వేసిన నంబర్లు ఆరువందల పదకొండు మొదలు ఆరువందల పద్దెనిమిది వరకు. తేదీ ఇరవై ఒకటి, పదకొండు, పంతొమ్మిదివందల తొంభై ఆరు. సంతకం..." ఆమె ఆగింది. "గోడ ఎనభై ఆరులో కట్టారని ధ్రువపత్రం ఇచ్చిన గ్రామాధికారిదే."

"మాను ఎవడైనా ఎత్తుకుపోయినా, లెక్కేసిన చెట్టే మళ్ళీ లెక్కెయ్యకుండా, నంబరు వేరు మొదట్లోనే తారుతో వేయించారండి," అంది ఏసమ్మ. "ఈ చీటీ నా కుట్టు మిషన్ సొరుగులోనే ఉంది. దీంతో ఇంత పనుందని నాకేం తెలుసు? అమ్మగారు సొరుగంతా వెతికి తీశారు."

"అంకెలు ఎవరైనా రాయొచ్చు," అన్నాడు సత్యప్రసాద్.

"రాయొచ్చు," అంది మాణిక్యాంబ. ఇప్పుడు ఆమె మాట దాదాపు ఊపిరి. "ఎప్పుడు రాశారంటారు? గోడ కట్టాక రాశారంటే పునాది కింద దూరి రాయాలి. అంత సన్నటి మనిషిని చూపించండి. గోడకు ముందు రాశారంటే, తొంభై ఆరు నవంబరు నాటి అంకె మీద ఎనభై ఆరు డిసెంబరు గోడ ఎలా నిలబడింది? పదేళ్ళు గాలిలో నిలబడిందా? రెండింటిలో ఏదో ఒకటి ఇప్పుడే చెప్పండి, మేడం రాసుకుంటారు. సోమవారం మార్చుకోవడానికి వీలుండదు."

సత్యప్రసాద్ బ్రీఫ్‌కేసు మూయడం మొదలుపెట్టాడు.

అది చూసి బుల్లియ్య పేలాడు. "అదేంటండీ, సర్దుకుంటున్నారు? నాలుగేళ్ళ గోడని పద్నాలుగేళ్ళదన్నది ఎవరు? నేనా? ఆ అయిదు సెంట్లూ కొనేస్తాను బాబూ అంటే, కొనడమెందుకు, కాగితం నేను చూసుకుంటానన్నది మీరు కాదూ? డిసెంబరు అన్నది మీరు! వరద తర్వాతంటే జడ్జీలు నమ్ముతారన్నది మీరు!"

"నోరు మూసుకోండి."

"నా గోడ దగ్గర నన్ను నోరు ముయ్యమంటావా?"

"మీ గోడవునో కాదో, అది ఇంకా తేలలేదు," అంది శ్రీదుర్గ రాస్తూనే.

సత్యప్రసాద్ ఎవరినీ చూడకుండా, "సత్తియ్యా, కారెక్కు. నీతో పనుంది," అన్నాడు.

సత్తియ్య గుంటలోంచి పైకి వచ్చాడు. చేతులు చెంబు నీళ్ళతో కడుక్కున్నాడు. కారు వైపు కదలలేదు.

"నేను రానండి. నిరుడు కారెక్కించుకెళ్ళి నాలుగు కాగితాల మీద వేలిముద్రలేయించారు. ఇప్పుడు ఇంకెన్ని మీద వేయిస్తారో."

మాణిక్యాంబ తల ఎత్తింది. "ఎన్ని?"

"నాలుగండి."

"కోర్టులో నీ అఫిడవిట్టు ఒకటే ఉంది."

"నాకు చదువు రాదు కదండీ. ప్లీడరుగారే చదివి వినిపించారు. నాలుగింట్లోనూ అదే మాట. గోడ, ఎనభై ఆరు డిసెంబరు నాలుగు, పదిహేనో తారీకు అయిదింటికి చెయ్యి కడుక్కోవడం. నాలుగు సార్లు వినబట్టే నాకు కంఠతా వచ్చింది."

మాణిక్యాంబ పొద్దున్న వస్తూ చూసిన మిల్లును గుర్తు చేసుకుంది. మిల్లుకు నాలుగు సరిహద్దులు. పడమట ఏసమ్మ తోట. ఉత్తరాన ఆశీర్వాదం అనే ముసలి రైతు రెండెకరాల చేను. దక్షిణాన మిషన్ బడి పిల్లలు ఆడుకునే జాగా. తూర్పున కాలవ గట్టుకు మళ్ళే పుంత దారి. పడమట తప్ప మిగిలిన మూడు వైపులా ఉన్నది ముళ్ళతీగె. ఇటుక మీద ఇటుక పెట్టిన జాడ ఎక్కడా లేదు.

"మేడం," అంది. "ఆ మూడు పక్కలా గోడ ఉందా లేదా, అది కూడా ఈ రోజు తేదీ వేసి రాయండి. కట్టబోయే మూడు గోడలకు వయసు ముందే వేసి పెట్టారు."

ఏసమ్మ మెడలో టేపు తీసి గట్టిగా పిడికిట్లో చుట్టింది. "బడి జాగా కూడానా?" అంది. నేరుగా వెళ్ళి మిల్లు గేటు ముందున్న సత్యప్రసాద్ కారుకు అడ్డంగా నిలబడింది. సత్తియ్య వెళ్ళి ఆమె పక్కన నిలబడ్డాడు. శ్రీదుర్గ మూడు వైపులా నడిచి, చూసి, రాసి, బుల్లియ్య చేత సంతకం పెట్టించి తిరిగి వచ్చేదాకా, పదకొండు గంటల ఇరవై నిమిషాల వరకు, ఆ కారు కదలలేదు.

2003 నవంబరులో దావా ఏసమ్మ పక్షాన డిక్రీ అయింది. అప్పీలు 2008లో కొట్టివేశారు. 2009 ఫిబ్రవరి 11న కోర్టు అమీను గోడ కూలగొట్టించినప్పుడు పునాది కింద ఒక్క మొదలు కూడా దొరకలేదు. ఎనిమిది చోట్లా నల్లమట్టి మాత్రమే ఉంది.